పంటు కింద వేసిన అతుకులు

మా ఆయనకు కుడి భుజం పట్టేసిన ఏడాది నేను తలెత్తి వెల్డింగు చెయ్యడం నేర్చుకున్నాను. తొంభైల చివరి మాట. గుడివాడలో బందరు వెళ్లే రోడ్డు పక్కన మాకు రేకుల షెడ్డు ఉండేది. ముందు వెల్డింగ్ షాపు, వెనక ఇల్లు. గేట్లు, కిటికీ గ్రిల్స్, ట్రాక్టరు ట్రక్కులకు మరమ్మతులు, అప్పుడప్పుడు రైసుమిల్లు పనులు. ఇంట్లో నేను, మా ఆయన, మా అత్తగారు.

భుజానికి దెబ్బేమీ తగల్లేదు. ఒకరోజు పొద్దున చొక్కా తొడుక్కోబోయి "అమ్మా" అన్నారు, అంతే. డాక్టరు గారు చెయ్యి అటూ ఇటూ తిప్పి చూశారు. "ఎముకకేం కాలేదండీ. కీలు బిగుసుకుంది. దానంతటదే వదులుతుంది గానీ ఏడాది పట్టినా పట్టొచ్చు," అన్నారు. చెయ్యి ఛాతీ దాకా లేచేది, ఆపైకి రమ్మంటే రాదు. అన్నం కలుపుకోగలరు, తల దువ్వుకోలేరు. రోజూ నేనే దువ్వేదాన్ని. పాపిడి ఎటు తీసినా ఆయనకు నచ్చేది కాదు. "నన్ను గుమాస్తాలా తయారుచేస్తున్నావు," అనేవారు. మా నాన్న బందరులో ఒక స్కూల్లో గుమాస్తా. ఆ మాట అన్న ప్రతిసారీ దువ్వెనతో నెత్తిన ఒకటి తగిలేది.

బల్ల మీద పెట్టుకుని చేసే పనులకు ఆ భుజం అడ్డం రాలేదు. అడ్డం వచ్చింది ఒక్క పనికే. నాగాయలంక దగ్గర ఒక రేవులో పంటు నడిపే పెద్దాయనకు మా ఆయన అంతకుముందే మాట ఇచ్చి ఉన్నారు. పంటు అంటే రెండు ఇనప పడవలను పక్కపక్కన పెట్టి, వాటి మీద వెడల్పాటి బల్లపరుపు వేసి కట్టినది. మనుషులు, సైకిళ్లు, వడ్ల బస్తాలతో ట్రాక్టర్లు దాని మీదెక్కి కృష్ణ దాటి లంకలోకి వెళ్తాయి. ఆ బల్లపరుపును మోసే అడ్డదూలాల దగ్గర ఉప్పునీటికి ఇనుము తినేసింది. అక్కడ కొత్త పలకలు పెట్టి అతకాలి. పంటును బోర్లా తిప్పడం ఎవరి వల్లా కాదు. సముద్రం వెనక్కి తగ్గే పాటు వేళ రేవులో నీరు తీసినప్పుడు రెండు పడవల మధ్య బురదలోకి దూరి, కింద కూర్చుని, తలెత్తి పైకి వెయ్యాల్సిందే.

బల్ల మీద వేసే అతుకులో కరిగిన ఇనుము మూలలోకి దిగి తన చోట తాను కూర్చుంటుంది. తలపైన వేసేటప్పుడు ఆ కరిగిన ఇనుము పైనుంచి మన మీదికి జారాలని చూస్తుంది. దాన్ని జారకుండా మూలలోనే గడ్డకట్టించాలి. షాపుల్లో దాన్ని ఓవరెడ్డు అంటారు. మా ఆయన కుర్రతనంలో విశాఖపట్నంలో ఓడల పనికి వెళ్లి నేర్చుకున్నారు. ఆ చుట్టుపక్కల దాన్ని నమ్మకంగా వేసేవాళ్లు ఆయన తప్ప లేరని పంటు పెద్దాయన నమ్మకం. మా ఆయన నమ్మకం కూడా అదే అనుకోండి.

"వేరేవాళ్లను చూసుకోమని కబురు చెయ్యండి," అన్నాను.

"చేశాను. పర్లేదు మేస్త్రి గారూ, ఎండాకాలం దాకా ఆగుతానంటున్నాడు."

"ఎండాకాలానికి మాత్రం చెయ్యి లేస్తుందా?"

పక్కన చింతపండు పిక్కలు తీస్తున్న మా అత్తగారు తల కూడా ఎత్తకుండా, "ఒరేయ్, నీకు నోరు బాగానే ఉంది. దానికి చేతులు బాగానే ఉన్నాయి. నువ్వు చెప్పు, అది చేస్తుంది," అన్నారు.

అప్పటికి నాకు రాడ్డు పట్టుకోవడం కొత్తేమీ కాదు. కాపురానికి వచ్చిన కొత్తల్లో పనివాళ్లు రానప్పుడు గ్రిల్ కదలకుండా పట్టుకోమని పిలిచేవారు. ఒకరోజు "నేనొకటి వేస్తాను, ఇలా ఇవ్వండి," అంటే ఇచ్చారు. అప్పట్నుంచి చిన్న చిన్న అతుకులు వేస్తూనే ఉన్నాను. దారిన పోయేవాళ్లు ఆగి చూసేవాళ్లు, కొన్నాళ్లకు చూడ్డం మానేశారు. కానీ ఓవరెడ్డు వేరు.

మొదటిరోజు ఆయన నాకు నిప్పు చూపించనే లేదు. నులకమంచం కింద కూర్చోబెట్టి చేతికి సుద్దముక్క ఇచ్చారు. మంచం పట్టె అడుగున, అంచు వెంబడి, చెయ్యి వణక్కుండా గీత గీయమన్నారు. మంచం మీద మా అత్తగారు కూర్చుని తమలపాకులు తుడుచుకుంటున్నారు. నేను కాసేపు గీసేసరికి భుజాలు లాగేశాయి.

"ఊపిరి బిగబట్టకు. మోచెయ్యి మోకాలికి ఆనించు. సరిగ్గా గీత కింద కూర్చోకు, పక్కకి జరుగు. రేపు నిప్పు పడేది ఆ గీత కిందే."

"ఈ ముక్క ముందే చెప్పొచ్చు కదా!"

"ముందే చెప్తే నువ్వు మంచం కిందకి వచ్చేదానివి కాదు."

పైనుంచి మా అత్తగారు నవ్వుతుంటే మంచం కదిలి నా గీత వంకర పోయింది.

తర్వాత షెడ్డులో ఒక స్తంభానికి బిగింపు పెట్టి, పంటు కింద దూలాలు ఉండేంత ఎత్తున ఒక పలక అడ్డంగా, దాని కింద ఇంకో పలక నిలువుగా వేలాడేలా బిగించారు. ఆ రెండూ కలిసే మూలలో నేను వెయ్యాలి. మొదటి రాడ్డు ముట్టించగానే ఎర్రటి బొట్టొకటి జారి నా జాకెట్టు మెడలోంచి లోపలికి పోయింది. నేను వేసిన కేకకి మా అత్తగారు వంటింట్లోంచి గరిటెతో సహా పరిగెత్తుకొచ్చారు. ఆ సాయంత్రం ఆవిడ పాత మిషను ముందేసుకుని, మా ఆయన పాత ఖాకీ ప్యాంట్ల కుట్లు విప్పి, మెడ దాకా మూసుకునే చొక్కా ఒకటి కుట్టారు. మిగిలిన గుడ్డతో చెవుల మీదికి వచ్చే టోపీ చేశారు. అది పెట్టుకుంటే నేను ఎలా ఉన్నానో ఎవరూ చెప్పలేదు గానీ పక్క షాపు మెకానిక్ నన్ను చూసి నవ్వు ఆపుకుంటూ లోపలికి వెళ్లిపోయాడు. మేక తోలు చేతితొడుగులు మా ఆయనవే. వేళ్లు వదులుగా ఉంటే చివర్లు మడిచి కుట్టారావిడ.

నేర్పడంలో మా ఆయన ఓపిక చూసి నాకే ఆశ్చర్యం వేసేది. ఇంట్లో ఉప్పు తగ్గితే కంచం ముందు మొహం ముడుచుకునే మనిషి, షెడ్డులో స్టూలు మీద కూర్చుని చెప్పిందే చెప్పేవారు.

"హోల్డరు వైరు భుజం మీదుగా వేసుకో. ఆ బరువు నీ చేతిని కిందకి లాగకూడదు. కరెంటు కొద్దిగా తగ్గించాను. ఎక్కువైతే ఇనుము నీళ్లలా అయిపోయి జారుతుంది. మరీ తగ్గిస్తే రాడ్డు అంటుకుపోతుంది. రాడ్డు మొన మూలలోకి తోసినట్టు దగ్గరగా ఉండాలి. దూరం జరిగితే బొట్లు రాలతాయి."

"దగ్గరగా అంటే ఎంత?"

"తాకిందా తాకలేదా అనిపించేంత. చప్పుడు విను. చిటపటమని చిందులేస్తుంటే దూరంగా ఉన్నట్టు. గుసగుసమని ఒకే తీరుగా సాగుతుంటే సరిగ్గా ఉన్నట్టు."

నాకు ఒక దురలవాటు ఉండేది. మూల తొందరగా నిండాలని రాడ్డును అటూ ఇటూ ఆడించేదాన్ని. అలా ఆడిస్తే కరిగింది ఎక్కువై ఉండలా వేలాడేది. "ముగ్గు వేస్తున్నావా?" అనేవారాయన. "సన్నగా ఒక్క గీత లాగు. అది రెండు పలకల్నీ పట్టుకుంటూ సరిగ్గా మూలలో పడాలి. పైన పేరుకున్న నల్లటి పెచ్చు సుత్తితో కొట్టి, తీగ బ్రష్షుతో తోమి, ఇనుము తెల్లగా కనబడ్డాక రెండోది. అది పై పలక వైపు సగం, మొదటి దాని మీద సగం. మూడోది నిలువు పలక వైపు. లావాటి గీత ఒకటి కంటే సన్నటివి మూడు మేలు." మధ్యలో రాడ్డు అయిపోతే, కొత్త రాడ్డు ఆగిన చోట కాకుండా కొంచెం ముందు ముట్టించి, వెనక్కి వచ్చి ఆ గుంట నింపుకుని, మళ్లీ ముందుకు సాగాలి. చివరికి వచ్చాక చటుక్కున చెయ్యి తీసెయ్యకుండా ఒక్క క్షణం ఆగి ఆ గుంటనూ నింపాలి. లేకపోతే పగులు అక్కణ్ణుంచే మొదలవుతుందట.

సాయంత్రమయ్యేసరికి నేను వేసినవన్నీ పగలగొట్టడం ఆయన పని. ఒకవైపే అతికిన పలకను వైసులో బిగించి, ఎడం చేత్తో పెద్ద సుత్తి పట్టుకుని, అతుకు విచ్చుకునేలా కొట్టేవారు. ఫెళ్లున ఊడేది. ఊడిన మూలను నా ముందు పెట్టి, "ఇదిగో, ఈ నల్లటి చార చూడు. పెచ్చు లోపల ఇరుక్కుపోయింది. పైకి నున్నగా ఉంది, లోపల పట్టులేదు," అనేవారు. కొన్నాళ్లు ఓర్చుకున్నాను. ఒకరోజు పొద్దున్నుంచి చెమటలు కక్కుతూ వేసినదాన్ని ఆయన రెండు దెబ్బలకే ఊడగొట్టేసరికి టోపీ తీసి నేలకేసి కొట్టాను.

"నేను వెయ్యడం, మీరు పగలగొట్టడం! మీ పంటూ వద్దు, మీ ఓవరెడ్డూ వద్దు."

ఇంట్లోకి వెళ్లి తలుపు వేసుకున్నాను. కాసేపటికి ఆయన తలుపు తట్టారు. చేతిలో అదే పలక. "ఇటు చివర చూశావా? బెత్తెడు మేర నల్లచార లేదు. ఇనుమే చిరిగింది గానీ అతుకు వదల్లేదు. ఆ బెత్తెడూ ఎలా వేశావో గుర్తు తెచ్చుకో, మిగతాది అలాగే వెయ్యి," అన్నారు. కోపం ఎక్కడికి పోయిందో తెలీదు. ఎలా వేశానో గుర్తు చేసుకుంటే, అప్పుడు నేను ఆయన మాటలు వినడం లేదు, రాడ్డు చప్పుడే వింటున్నాను. ఆ ముక్క చెప్తే ఆయన నవ్వి, "అయితే రేపట్నుంచి నేను మాట్లాడను," అన్నారు. ఆ మాట మాత్రం నిలబెట్టుకోలేదు.

మామిడికాయలు వచ్చే రోజులకు ఆయన కొట్టినా ఊడని అతుకొకటి వేశాను. ఎడం చెయ్యి కాబట్టి ఊడలేదేమో అని నాకే అనుమానం వచ్చింది. పక్క షాపు మెకానిక్‌ను పిలిచి కొట్టించాం. అతను బలంగా బాదాడు. పలక వంగి వంగి పూర్తిగా మడతపడింది. అతుకు అతుకులాగే ఉంది. ఆ పలకను పైటకొంగుతో తుడిచి, మా అత్తగారు పసుపు కుంకుమల పక్కన పెట్టబోయారు. "దేవుడి గూట్లో ఇనుమెందుకమ్మా," అని ఆయన తీసేశారు.

దాళ్వా, అదే ఎండాకాలపు రెండో పంట, వడ్లు ఇళ్లకు చేరే రోజుల్లో నాగాయలంక వెళ్లాం. తేమ పట్టిన రాడ్లతో వేస్తే అతుకులో బుడగలు పడతాయని, మా అత్తగారు వాటిని ఊకపొయ్యి మీద ఇనప మూకుట్లో వేడి చేసి, మూత గట్టి డబ్బాలో పెట్టి, పైన దుప్పటి చుట్టి ఇచ్చారు. "పసిపిల్లని ఇచ్చినట్టు ఇస్తున్నావేంటమ్మా," అన్నారు మా ఆయన. డీజిలుతో నడిచే వెల్డింగు మిషనును ట్రక్కులో వేసుకుని పక్క షాపు మెకానిక్ వెనకే వచ్చాడు.

పంటు పెద్దాయన భారీ మనిషి. గొంతు ఈ ఒడ్డున పలికితే ఆ ఒడ్డున వినబడేది. నన్ను ఖాకీ చొక్కాలో చూసి, "మేస్త్రి గారూ, ఈ అమ్మాయి..." అని ఆగిపోయాడు.

"మా ఆవిడ. పని తనే చేస్తుంది."

"ఎంత మాటండీ! ఆడపిల్లని బురదలోకి..."

"బురద కడుక్కుంటే పోతుంది బాబాయ్ గారూ," అన్నాను. "మీరు పంటును దుంగల మీద కదలకుండా నిలబెట్టించండి. అది నా నెత్తిన కూర్చుంటే మాత్రం కడుక్కున్నా పోదు."

ఆయన పెద్దగా నవ్వి మనుషుల్ని కేకేశాడు.

నీరు తీశాక రెండు పడవల మధ్య బురద మీద చెక్కలు పరిచి, వాటి మీద పొడి రబ్బరు షీటు వేశారు. తడిలో కరెంటు పని కాబట్టి మా ఆయన దాన్ని రెండుసార్లు తడిమి చూస్తే గానీ నన్ను దిగనివ్వలేదు. తుప్పంతా గ్రైండరుతో గీకి, ఇనుము మెరిసేదాకా శుభ్రం చేశాను. పలకలు సందు లేకుండా ఆనాయో లేదో చూసుకుని బిగించాను. కింద గాలి ఆడదు. తల పక్కనే పడవ ఇనుము ఎండకు కాలిపోతోంది. చిన్న చిన్న పీతలు చెక్క మీదికొచ్చి నన్ను చూసి మళ్లీ బురదలోకి దూరేవి. మా ఆయన బయట ఒడ్డున వంగి కూర్చుని, నల్లద్దం కళ్లకు పెట్టుకుని చూస్తున్నారు. అలవాటు చొప్పున చెప్పడం మొదలుపెట్టారు గానీ మిషను మోతలో ఒక్క ముక్కా వినబడలేదు. నాకు రాడ్డు చప్పుడే వినబడింది. మొదటి మూల, రెండోది, ఆ తర్వాతవీ బాగా వచ్చాయి. పెచ్చు సుత్తి తగలగానే పొడవాటి ముక్కలుగా ఊడి పడుతోంది. అతుకు అలా ఉంటే మంచిదని అప్పటికి నాకు తెలుసు.

ఆఖరి మూలకు వచ్చేసరికి చెయ్యి బరువెక్కింది. నీరు తిరిగి పెరుగుతోంది. తొందరపడ్డాను. వేస్తుండగానే చప్పుడు మారింది. చిటపటలాడింది. పెచ్చు కొట్టి చూస్తే అట్టు మీద కన్నాల్లాగా సన్నటి చిల్లులు. ఆ మూలలో పైనుంచి నీటి చెమ్మ దిగుతోందని అప్పుడు చూశాను.

మా ఆయన ఆ భుజంతోనే పాకుతూ లోపలికొచ్చారు. వద్దన్నా వినలేదు. పక్కన వెల్లకిలా పడుకుని టార్చి వేసి చూశారు. నా వైపు తిరిగారు. ఆయన అడగకముందే, "ఇది తీసేసి మళ్లీ వెయ్యాలి," అన్నాను. "ఊఁ," అన్నారు.

బయటికొచ్చేసరికి నీరు చెక్కల్ని తాకుతోంది. పంటు పెద్దాయన ఆత్రంగా ఉన్నాడు. అవతలి లంకలో వడ్ల ట్రాక్టర్లు ఎదురు చూస్తున్నాయట.

"అన్నీ అయిపోయినట్టే కదమ్మా. ఒక్కటి ఉంటే ఏమవుద్ది? మళ్లీ ఎప్పుడైనా చూసుకుందాం. పంటు తేలగానే వదిలేస్తా."

నేను మా ఆయన వైపు చూశాను. ఆయన చేతికంటిన బురద గీక్కుంటున్నారు. ఇది నేనే చెప్పాలని అర్థమైంది.

"బాబాయ్ గారూ, వేసింది నేను. అది నిలవదని చెప్తున్నది కూడా నేనే. ట్రాక్టరు దాని మీదెక్కితే నాకు గుడివాడలో అన్నం దిగదు. రేపు నీరు తీసేదాకా ఆపండి."

ఆయన నదిని చూశాడు, నన్ను చూశాడు, పెద్దగా ఊపిరి వదిలాడు. "మీ ఆయన కూడా ఇంత ఖరాఖండీగా చెప్పరమ్మా," అని, అవతలి ఒడ్డుకు వినబడేలా రేపు రమ్మని కేకేశాడు. ఆ పూట వాళ్లింట్లోనే ఉన్నాం. ఆయన భార్య నా చేతుల మీది కాలిన మచ్చలు చూసి వెన్నపూస రాసి, మామిడికాయ వేసిన రొయ్యల కూరతో అన్నం పెట్టింది. చెయ్యి నోటిదాకా లేవడం లేదని ఆవిడే ముద్దలు కలిపి పెట్టింది. అదేం చిత్రమో, ఆ పక్కనే మా ఆయన సుఖంగా మూడోసారి వడ్డించుకుంటున్నారు.

మర్నాడు నీరు తీయగానే పాడైన అతుకును గ్రైండరుతో మొదలంటా తీసేశాను. పైన చెమ్మ దిగే సందులో గుడ్డలు కుక్కించి, బ్లో ల్యాంపుతో ఆ మూలను వెచ్చబెట్టి ఆరబెట్టాను. చెయ్యి కాసేపు కిందకి వేలాడేసి, విశ్రాంతి ఇచ్చి, అప్పుడు మొదలుపెట్టాను. సన్నగా ఒక గీత, పెచ్చు తీసి ఇంకొకటి, మళ్లీ పెచ్చు తీసి ఇంకొకటి. మా ఆయన పాకి వచ్చి చూసి, తర్వాత వేలితో ఆ అంచు వెంబడి ఒకసారి నిమిరారు. ఇంకా వేడిగానే ఉంది. వేలు నోట్లో పెట్టుకున్నారు.

"బావుందా?" అన్నాను.

"కాలింది," అన్నారు.

పోటుకు నీరు పెరిగి పంటు తేలింది. అవతలి నుంచి తెచ్చిన మొదటి ట్రాక్టరుతో పాటు మేమూ ఉన్నాం. బస్తాల బరువుకు పంటు కిందకి దిగి, మూలిగినట్టు శబ్దం చేసింది. నేను గబుక్కున కిందకి వంగి చూశాను. "అది చెక్కల చప్పుడు. ఇనుము కాదు," అన్నారు మా ఆయన. ఎవరో లంకలోంచి తెచ్చిన తాటిముంజలు ఒలిచి ఆయన చేతిలో పెట్టారు. నది మధ్యకు వచ్చాక ఒక ముంజ నాకిచ్చారు. నేను తినకుండా చేత్తో పట్టుకుని ఆ దూలాల చప్పుడు మీదే చెవి పెట్టి నిలబడ్డాను. ఒడ్డు తగిలి ట్రాక్టరు దిగిపోయాక తిన్నాను. అప్పటికది వెచ్చబడిపోయింది.

భుజం మరుసటి ఏడాదికి వదిలింది. మొదట తల దువ్వుకోవడం మొదలుపెట్టారు. నా కంటే అన్యాయంగా పాపిడి తీసుకునేవారు. చెయ్యి పూర్తిగా పైకి లేచాక కూడా ఎక్కడైనా తలెత్తి వేసే పని వస్తే, "అది మా ఆవిడ డిపార్ట్‌మెంటండీ," అనడం ఆయనకు అలవాటైపోయింది. కృత్తివెన్ను వైపు రొయ్యల చెరువుల దగ్గర షెడ్లకు, బందరులో ఒక గోడౌనుకు నేనే వేశాను. బందరు పనికి మా నాన్న వచ్చి, ఎండలో గొడుగేసుకుని నిలబడి, అద్దం లేకుండా చూడొద్దని ఎంత చెప్పినా వినకుండా చూసి, రెండ్రోజులు కళ్ల మంటతో పడుకున్నాడు. తగ్గాక అందరికీ చెప్పుకుని తిరిగాడు.

రెండు వేల సంవత్సరం దాటాక గుడివాడలో ఒక రైసుమిల్లులో, వడ్లు పోసే పెద్ద తొట్టి అడుగున కొత్త దూలం అతకాల్సి వచ్చింది. ఒకవైపే వేసుకుంటూ పోతే వేడికి దూలం అటు లాగి వంకర పోతుంది. రెండువైపులా ఒకేసారి, ఒకే వేగంతో సాగాలి. దూలానికి అటు ఆయన, ఇటు నేను. మధ్యలో ఇనుము, ఒకరికొకరం కనబడం. ఆయన ముట్టించిన చప్పుడు వినగానే నేనూ ముట్టించాను. కాసేపటికి అటు చప్పుడు ఆగింది.

"రాడ్డు మార్చాలోయ్. నీది ఎంతవరకు వచ్చింది?"

"మీ చప్పుడు కంటే బెత్తెడు వెనక. రాడ్డు ఇంకా ఉంది."

"అయితే నెమ్మదిగా రా. ఆగుతాను," అన్నారు అటునుంచి.